తింప్సిలా దుంప: గుర్తుపట్టడం, తవ్వడం, జడ అల్లడం, వండడం

మా అనంతపురం జిల్లాలో మే నెల వచ్చిందంటే ప్రతి వీధిలోనూ ఒకరిద్దరు పెద్దవాళ్లు పెట్టెలు తూకం వేసుకుంటూ కనిపిస్తారు. కొడుకో కూతురో అమెరికాలో ఉంటారు కనుక, నాలుగైదు నెలలు వాళ్ల దగ్గర గడిపి రావడానికి రాగిపిండి, కొర్రబియ్యం, చెనిక్కాయల పొడి సర్దుకుని బయలుదేరుతారు. వెళ్లిన నెలలోపే, ముఖ్యంగా సేద్యం చేసి బతికినవాళ్లకు, చేతికి మట్టి అంటడం లేదన్న దిగులు మొదలవుతుంది. ఉరవకొండ వైపు మెట్ట సేద్యం చేసిన నాకు ఆ దిగులును తీర్చింది, సౌత్ డకోటా రాష్ట్రంలో మా అమ్మాయి ఉంటున్న ర్యాపిడ్ సిటీ చుట్టుపక్కల గడ్డి మైదానాల్లో నీలిపూలు పూసే ఒక చిన్న మొక్క. దాని అడుగున ఉండే గుడ్డంత దుంప. దానిని గుర్తుపట్టి, తవ్వి, ఎండబెట్టి, మన పద్ధతిలో వండుకోవడం ఎట్లాగో ఆ వైపు వెళ్లే మన జిల్లావారి కోసం ఇక్కడ రాస్తున్నాను. న్యూజెర్సీకో కాలిఫోర్నియాకో వెళ్లేవారికి ఇది కనిపించదు. డకోటాలు, నెబ్రాస్కా, కాన్సస్, మోంటానా వంటి నడిమి రాష్ట్రాలకు వెళ్లేవారికే ఈ వివరాలు పనికొస్తాయి.

ఇంగ్లీషులో దీనిని ప్రెయిరీ టర్నిప్ అంటారు గానీ దీనికీ టర్నిప్‌కూ ఏ చుట్టరికమూ లేదు. టర్నిప్ ఆవాల కుటుంబానిది. ఇది మన కందికి, చెనిక్కాయకు చెందిన చిక్కుడు కుటుంబానిది. శాస్త్రజ్ఞులు ఇప్పుడు పెడియోమెలమ్ ఎస్కులెంటమ్ అంటున్న ఈ మొక్కకు పాత పుస్తకాల్లో సొరాలియా ఎస్కులెంటా అన్న పేరు ఉంది. ఆ పాత పేరు మనకు కొత్తది కాదు, ఎందుకంటే మన పొలం గట్ల మీద మొలిచే బావంచాల మొక్కను కూడా చాలాకాలం సొరాలియా అనే పిలిచారు. రెండింటికీ ఒకే రకం నీలిఛాయ చిన్నపూలు, ఒక్క గింజే ఉండే కాయలు. అయితే బంధుత్వం అంతవరకే. బావంచ గింజ మందు సరుకు, దాని వేరు తినేది కాదు. ఇది చదివి ఎవరూ గట్టు మీది బావంచను పెరకవద్దు.

ఆ నేల మీద తరతరాలుగా బతికిన ఆదివాసులు, లకోటా ప్రజలు, ఈ దుంపను తింప్సిలా అంటారు. ఇక్కడ నేనూ ఆ పేరే వాడుతాను. వాళ్ల లెక్కలో జూన్ నెల పేరు కూడా ఈ దుంప మీదుగా వచ్చినదే. ఫ్రెంచి వర్తకులు దీనిని తెల్ల ఆపిల్ అన్నారు. అమెరికా ప్రభుత్వం పంపిన అన్వేషణ బృందానికి నాయకుడైన మెరివెదర్ లూయిస్, 1805 మే 8న మిస్సోరి నది తీరాన రాసుకున్న దినచర్యలో ఈ మొక్క ఆకు, పువ్వు, వేరు, వేరు మధ్యలో ఉండే పీచుతో సహా వర్ణించి, రుచి మాత్రం చప్పగా ఉందని తీర్పు ఇచ్చాడు. ఆయన దగ్గర ఎండుమిరపకాయ ఉండి ఉండదు.

దుంప ఉండే నేల గురించి ముందు చెప్పాలి, ఎందుకంటే నేలను చదవడం తెలిసినవాడికి సగం పని అయిపోయినట్లే. మన అనంతపురానికి ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన కురుస్తుంది. సౌత్ డకోటా పడమటి భాగంలో అంతకన్నా తక్కువే. తేడా ఏమిటంటే మన నేల వేడికి బిగుసుకుంటుంది, వాళ్ల నేల నాలుగైదు నెలలు మంచుతో గడ్డకడుతుంది. తింప్సిలా నాగలి తగలని గడ్డినేలలోనే ఉంటుంది. ఒకసారి దున్నిన చేలో అది మళ్లీ తలెత్తడం చాలా అరుదు, ఎందుకంటే విత్తు మొలిచి, దుంప తినేటంత ఊరడానికి మూడు నాలుగేళ్లయినా పడుతుంది. కాబట్టి గోధుమ, మొక్కజొన్న చేల వైపు వెళ్లకుండా, పశువులు మేసే బీళ్లలో, కొంచెం వాలుగా, నీళ్లు నిలవకుండా, రాళ్లు కలిసిన మిట్టల మీద వెతకాలి. మన పెన్నహోబిలం వైపు గుట్టల వాలు ఎట్లా ఉంటుందో, దానికి మోకాలెత్తు గడ్డి కప్పితే ఎట్లా ఉంటుందో ఊహించుకుంటే సరిపోతుంది.

కాలం

ఈ దుంప విషయంలో అన్నిటికన్నా గట్టిగా గుర్తుంచుకోవలసింది కాలం. మొక్క మే చివర, జూన్‌లలో పూస్తుంది; జూలై మొదటి, రెండో వారాలకు కాయలు ముదురుతాయి. ఆ తర్వాత ఇది చేసే పని విచిత్రమైనది. కాండం నేలను తాకేచోట తనంతట తాను విరిగి, ఎండిన పైభాగమంతా గాలికి దొర్లిపోతూ దారి పొడుగునా గింజలు రాలుస్తుంది. పైభాగం పోయాక కింద దుంప ఉందని చెప్పే ఆనవాలు ఏదీ మిగలదు. ఆగస్టులో అదే మిట్ట మీద నిలబడితే కాళ్ల కింద వంద దుంపలున్నా ఒక్కటీ దొరకదు. అందువల్ల జూన్ నడిమి నుంచి జూలై మొదటి వారం దాకా ఉన్న మూడు నాలుగు వారాలే మనకు చేతికందే గడువు. మే నెల టికెట్లు కొనుక్కునే మనవాళ్లకు ఇది కలిసొచ్చే విషయమే.

ఆ గడువులోనూ చివరి పది రోజులను నేను ఎంచుకుంటాను. పూత మీద తవ్వితే దుంప లేతగా ఉంటుంది గానీ గింజ పక్వం కాదు. గింజ కట్టాక తవ్వితే దుంపను మనం తీసుకుని గింజను ఆ గుంతలోనే వదలవచ్చు. వాన కురిసిన మరునాడైతే మరీ మంచిది, ఎందుకంటే ఆ నేల ఎండితే గడ్డపార కూడా చిట్లి ఎగురుతుంది.

గుర్తుపట్టడం

మొక్క జానెడు ఎత్తు నుంచి మహా అయితే మూరెడు లోపే ఉంటుంది. కాండం, ఆకు తొడిమ, మొగ్గ, అన్నిటి మీదా తెల్లని నూగు దట్టంగా ఉంటుంది. దూరం నుంచి చూస్తే మొక్కకు బూడిద పూసినట్లు కనిపిస్తుంది. ఒక్కొక్క పొడవాటి తొడిమ చివర ఐదు ఆకులు విప్పిన అరచేతిలా ఉంటాయి. మన వావిలాకునో, చేలో మొలిచే వామింటాకునో తలచుకుంటే అమరిక అర్థమవుతుంది. పూలు కొమ్మ చివర ఒత్తుగా, బొటనవేలంత కంకిగా పూస్తాయి. విచ్చినప్పుడు నీలం కలిసిన ఊదా రంగులో ఉండి, రెండు మూడు రోజుల్లో ఎండుగడ్డి రంగుకు తిరుగుతాయి, కనుక ఒకే కంకిలో రెండు రంగులూ కనిపించడం మామూలే. కాయ పువ్వు తొడుగులోనే దాక్కుని, సన్నని ముక్కు మాత్రం బయట పెడుతుంది. వలిచి చూస్తే లోపల ఒకటే గింజ.

ఇక జాగ్రత్త. ఆ మైదానాల్లోనే లూపిన్ అనే మొక్క ఉంటుంది. అదీ చిక్కుడు కుటుంబానిదే, దాని ఆకులూ అరచేతి అమరికలోనే ఉంటాయి, పూలూ నీలమే, కొన్ని రకాలకు నూగు కూడా ఉంటుంది. దానిలో విషపదార్థాలున్నాయి; దానిని మేసి పశువులు చచ్చిపోయిన సంగతి అక్కడి పశువుల కాపరులందరికీ తెలుసు. తేడా చూడవలసిన చోట్లు ఇవి. లూపిన్‌కు ఒక తొడిమకు ఐదుకు మించి, ఏడు నుంచి తొమ్మిది దాకా ఆకులు ఉండడం సాధారణం, తింప్సిలాకు ఐదు. లూపిన్ కాయ బఠాణీ కాయలా బయటకు వేలాడుతూ ఒకటికి మించి గింజలతో ఉంటుంది. తింప్సిలా కాయలో గింజ ఒకటే. అన్నిటికీ మించిన పరీక్ష వేరు దగ్గర జరుగుతుంది. లూపిన్ వేరు తాడులా సాగిపోతుంది, ఎక్కడా ఊరదు. గుడ్డులాగో కదురులాగో ఊరిన దుంప, ముదురు గోధుమరంగు మందపాటి తోలు, తోలు ఒలిస్తే సున్నంలాంటి తెల్లటి కండ, ఈ మూడూ కలిసి కనిపించకపోతే దానిని నోట పెట్టకూడదు. నాకు పొలం పనిలో నలభై ఏళ్ల అనుభవం ఉంది కదా అన్న ధీమా ఇక్కడ పనికిరాదు. మన ఊళ్లో వెంపలిని కళ్లు మూసుకుని గుర్తుపట్టగలిగిన నేను మొదటి రోజు రెండు లూపిన్ మొక్కల చుట్టూ శ్రద్ధగా తవ్వాను.

వెండిలా మెరిసే ఆకులున్న మరొక మొక్క కూడా ఇదే జాతిలో ఉంది. అది విషం కాదనుకున్నా దాని అడుగున దుంప ఉండదు, కనుక శ్రమ దండుగ.

లకోటా తల్లులు పిల్లలకు ఒక మాట చెబుతారట. తింప్సిలా మొక్కలు ఒకదానినొకటి చూపించుకుంటాయి. ఒక మొక్క కొమ్మ ఏ దిక్కుకు చేయి చాపి ఉందో ఆ దిక్కుకు నడిస్తే రెండోది దొరుకుతుంది. నేను దీనిని నమ్మకంగా పాటించి చూశాను. ప్రతిసారీ నిజం కాలేదు గానీ, కొమ్మలు నాలుగు వైపులా ఉంటాయి, మొక్కలూ గుంపుగా చెదిరి ఉంటాయి, కాబట్టి ఏదో ఒక కొమ్మ నిజం చెబుతూనే ఉంటుంది. అంతకన్నా పెద్ద లాభం, కొమ్మను చూసి నడిచేవాడు తల వంచుకుని నేల చూస్తూ నడుస్తాడు. ఆ ప్రాంతంలో తోకను గిలకలా ఆడించే విషపు పాములున్నాయి కనుక అది అవసరమే. బిగువైన బూట్లు, పొడవు ప్యాంటు వేసుకుని వెళ్లి, ఇంటికొచ్చాక ఒంటి మీద పిడుదులు పట్టాయేమో చూసుకోవాలి. పంచె కట్టి వెళ్తానని నేను పట్టుబడితే అమ్మాయి ఒప్పుకోలేదు. ఆమె మాటే సరైనది.

అనుమతి

మన ఊళ్లో బీడు అంటే అందరిదీ. అక్కడ అట్లా కాదు. కంచె ఉన్నా లేకపోయినా ప్రతి గజానికీ ఒక యజమాని ఉంటాడు. బ్యాడ్‌లాండ్స్ వంటి జాతీయ ఉద్యానవనాల్లో మొక్క వేరు తవ్వడం నేరం. పైన్ రిడ్జ్, రోజ్‌బడ్ వంటి, లకోటా ప్రజలకే ప్రత్యేకించిన రిజర్వేషన్ భూముల్లో ఈ దుంప వాళ్ల తిండి, వాళ్ల హక్కు. పిలవకుండా గడ్డపార పట్టుకుని వెళ్లడం మర్యాద కాదు, చట్టం కూడా కాదు. ప్రభుత్వ గడ్డిభూములైతే ఆ భూమిని చూసే కార్యాలయంలో ముందుగా అడిగి తెలుసుకోవాలి. తేలికైన దారి, పశువుల మేతభూమి ఉన్న రైతును అడగడం. మా అల్లుడితో పనిచేసే ఒకాయన తండ్రికి అటువంటి భూమి ఉంది. నేనూ రైతునేనని అల్లుడు చెప్పాక ఆ పెద్దమనిషి గేటు తీసి, పశువులు బయటికి పోకుండా మళ్లీ మూయమని మాత్రం చెప్పాడు. మందు కొట్టిన రోడ్డు పక్క భూమిలో మాత్రం ఎవరు అనుమతి ఇచ్చినా తవ్వవద్దు.

తవ్వడం

ఇక్కడ నేను చేసిన మొదటి తప్పు చెప్పాలి. చెనిక్కాయ చెట్టును పెరికిన చేయి కదా, కాండం మొదట్లో పట్టుకుని గుంజాను. పైభాగం మొత్తం చేతిలోకి వచ్చింది, దుంప అడుగునే ఉండిపోయింది. "నాయనా, అది చెనిక్కాయ కాదు" అని అమ్మాయి నవ్వింది. కాండం నేలను కలిసేచోటే ఈ మొక్కకు బలహీనం. అక్కడ విరగడానికే అది పుట్టింది.

దుంప ఊరిన భాగం నేలకు నాలుగు వేళ్ల లోతులో మొదలై, జానెడు దాకా దిగుతుంది. కింద సన్నని తోక వేరు ఇంకా లోతుకు పోతుంది. లకోటా స్త్రీలు పూర్వం మొన చెక్కి నిప్పులో కాల్చి గట్టిపరచిన కర్రతో తవ్వేవారు. ఇప్పుడు ఇనుప చువ్వలు వాడుతున్నారు. మన చిన్న గడ్డపార లాంటిది అక్కడి సామాన్ల దుకాణాల్లో దొరుకుతుంది. పార మాత్రం వద్దు. పార అంచు దుంపను రెండుగా కోస్తుంది, పైగా చుట్టూ గడ్డి వేళ్లను అనవసరంగా తెంపుతుంది. మొక్కకు బెత్తెడు దూరంలో గడ్డపారను కొంచెం ఏటవాలుగా, దుంప కిందికి చేరేట్లు దించి, పిడిని వెనక్కి వంచితే మట్టిగడ్డ మొత్తం పైకి లేస్తుంది. ఒక వైపే సరిపోకపోతే ఎదురు వైపు నుంచి మరొకసారి. తర్వాత చేత్తో మట్టి విడదీసి, తోక వేరు తెగకుండా మెల్లగా లాగాలి. తోక ఎందుకు కావాలో జడ అల్లేటప్పుడు తెలుస్తుంది.

దుంప తీశాక గింజలున్న పైభాగాన్ని నలిపి అదే గుంతలో వేసి, మట్టి కప్పి, కాలితో అదిమి, పెకలించిన గడ్డిగడ్డను పైన బోర్లించకుండా సరిగ్గా అమర్చాలి. ఇది లకోటా వాళ్లు చేసే పద్ధతే. మనం కూడా గుమ్మడికాయ కోసినప్పుడు విత్తనం ఎత్తిపెట్టినట్లు. ఒక మిట్ట మీద పది మొక్కలు కనిపిస్తే ఒకటి మాత్రమే తీయాలని నేను పెట్టుకున్న లెక్క. ఒకే కాండంతో సన్నగా ఉన్న చిన్న మొక్కలను అసలు ముట్టను, వాటి దుంప గోలీకాయంతే ఉంటుంది. ఒక పూట శ్రమకు పదిహేను, ఇరవై దుంపలు దొరికితే చాలు.

ఒలవడం, జడ అల్లడం

ఇంటికి తెచ్చిన రోజే, లేదా మరునాడు, తోలు తీయాలి. పచ్చిగా ఉన్నప్పుడు తోలు చెరకు పచ్చితొక్క కన్నా తేలిక. కత్తి మొనతో పైనుంచి కిందికి ఒక గాటు పెట్టి, గోటితో పట్టి లాగితే ఒకే ముక్కగా ఊడి వస్తుంది. మూడు నాలుగు రోజులు వదిలేస్తే ఆ తోలే దుంపకు అతుక్కుని, రాయి మీద సిమెంటులా తయారవుతుంది. తొలి ఏడు నేను ఏడు దుంపలను తోలుతోనే ఎండబెట్టి, తర్వాత వాటిని సుత్తితో కొట్టవలసి వచ్చింది. ఒలిచేటప్పుడు తోక వేరును మాత్రం దుంపకే ఉంచాలి.

ఒలిచిన దుంపలను కడిగి, తడి ఆరనిచ్చి, తోకలతో మూడుపాయల జడ అల్లాలి. మూడు పెద్ద దుంపల తోకలను మొదట ముడి వేసి, ఒక్కొక్క అల్లికకు ఒక్కొక్క కొత్త దుంప తోకను పాయలో కలుపుతూ, పెద్దవి మొదట, చిన్నవి చివర వచ్చేట్లు పోవాలి. కదిరి మల్లెలు మాల కట్టిన చేయి ఉన్నవాళ్లకు ఇది ఐదు నిమిషాల్లో పట్టుబడుతుంది. నాకు పట్టుబడలేదు, మా ఇంటామె అల్లింది. తోక తెగిన దుంపలను పారేయనక్కరలేదు, బిళ్లలుగా తరిగి పళ్లెంలో ఎండబెట్టుకోవచ్చు. జడను గాలి ఆడే నీడలో, లేదా పొద్దుటి ఎండలో వేలాడదీయాలి. రెండు వారాల్లో దుంపలు బాగా కుంచించుకుపోయి, సుద్దముక్కల్లా గట్టిపడి, ఒకదానికొకటి తగిలితే టకటకమంటాయి. ఆ శబ్దం వచ్చిందంటే ఎండినట్లే. తేమ లేనిచోట వేలాడితే ఏళ్ల తరబడి చెడదు. లకోటా ఇళ్లలో జడ వంటింట్లో వేలాడుతూ ఉండడం, అవసరమైనప్పుడు ఒకటి రెండు తుంచుకోవడం పరిపాటి.

తవ్వే ఓపిక లేనివాళ్లకు సులువైన మార్గం ఉంది. ఆ రాష్ట్రంలో లకోటా ప్రజల పండుగలు, సంతలు జరిగేచోట ఈ జడలు అమ్మకానికి వస్తాయి. బేరమాడవద్దు. ఒక జడ వెనక ఎన్ని గంటల గడ్డపార పని ఉందో మనం పైన చూశాం.

వండడం

పచ్చి దుంపను ఉప్పు అద్దుకుని పల్చని బిళ్లలుగా తినవచ్చు. పచ్చి చెనక్కాయ గింజకు, లేత ముంజకు మధ్యస్తంగా ఉంటుంది. తీపి లేదు, వగరు కూడా లేదు. ముదురు దుంపల నడుమ లూయిస్ చెప్పిన ఆ పీచు తాడులా తగులుతుంది, నమిలి ఊసేయాలి. మొదటిసారి తినేవాళ్లు రెండు ముక్కలతో ఆపి, ఒక రోజు చూసి, ఆ తర్వాతే కడుపునిండా తినాలి. చెనిక్కాయ గానీ మరే పప్పు గానీ పడనివాళ్లు అసలు దగ్గరికి పోకూడదు.

బంగాళాదుంప ఉడికినంత త్వరగా ఇది ఉడకదు. పచ్చి ముక్కలకు కుక్కర్‌లో నాలుగు విజిళ్లు పెట్టాలి. ఎండు దుంపలైతే ముందురోజు రాత్రే నీళ్లలో నానేసి, ఉదయం అదే నీళ్లతో ఏడెనిమిది విజిళ్లు రానివ్వాలి. మామూలు గిన్నెలో అయితే సన్నని మంట మీద రెండు గంటలు. ఉడికిన నీళ్లను పారబోయవద్దు, గంజిలాగా చిక్కగా ఉండి పులుసుకు పనికొస్తాయి. ఉడికినా ఇది మెత్తగా చితకదు. చామగడ్డకు, ఉడికిన చెనిక్కాయకు నడుమ ఒక బిగి మిగిలే ఉంటుంది, అది ఉడకలేదనుకుని ఇంకో పది విజిళ్లు పెట్టనక్కరలేదు.

లకోటా వంటల్లో పశువు పొట్టపేగుతో తింప్సిలా కలిపి ఉడికించే పులుసు ఒకటి ఉంది. ఇది విన్నప్పుడే మా ఇంట్లో అందరికీ ఒకటే ఆలోచన వచ్చింది, బోటి కూర. బోటిని వేన్నీళ్లలో కడిగి, పసుపు, ఉప్పు వేసి విడిగా ఉడికించాలి. ఉల్లిపాయ, అల్లం వెల్లుల్లి వేగాక, దోరగా వేయించి నూరిన ధనియాలు, గసగసాలు, ఎండుకొబ్బరి, మన కారం వేసి, బోటిని, ముందుగా ఉడికించిన తింప్సిలా ముక్కలను, వాటి గంజిని కలిపి, నూనె పైకి తేలేదాకా మగ్గనివ్వాలి. అరకిలో బోటికి ఎనిమిది దుంపలు సరిపోతాయి. లూయిస్ తప్పుపట్టిన చప్పదనమే ఇక్కడ గుణం. మసాలాను దుంప లోపలిదాకా పీలుస్తుంది, తనది అంటూ ఏ రుచితోనూ అడ్డుపడదు. మాంసం తినని ఇళ్లలో ఉలవచారులో వేసినా బాగుంటుంది.

పిండి చేయాలంటే ఎండు దుంపను నేరుగా మిక్సీలో వేయకూడదు, బ్లేడు విరుగుతుంది. మందపాటి గుడ్డలో మూట కట్టి రోకలితోనో సుత్తితోనో ముక్కలు చేసి, ఆ ముక్కలను మరొకసారి ఎండలో పెట్టి, అప్పుడు మిక్సీ పట్టాలి. జల్లిస్తే కింద తెల్లటి పిండి, పైన రవ్వ మిగులుతాయి. రవ్వ సంగటికి పనికొస్తుంది. గ్లాసు నూకల్లో సగానికి బదులుగా ఈ రవ్వ వేసి, నూకలకన్నా ముందే పది నిమిషాలు ఉడకనిచ్చి, తర్వాత రాగిపిండి పోసి, ఎప్పటిలాగే తెడ్డుతో గెలికి ముద్ద చేయాలి. ఊరిబిండితో తింటే తేడా కనిపెట్టడం కష్టం. రాగిపిండి లేకుండా దీని పిండితోనే సంగటి చేసిచూశాను. ముద్ద నిలవలేదు, జావలా జారిపోయింది. రొట్టెకైతే మూడు పాళ్లు జొన్నపిండికి ఒక పాలు కలపవచ్చు, అంతకు మించితే తట్టేటప్పుడే అంచులు చిట్లుతాయి.

ఇక్కడ పెంచడం

ఇది చదివినవారు తప్పక అడిగే ప్రశ్న, విత్తనం తెచ్చి మన ఎర్రనేలలో వేస్తే ఏమవుతుందని. వేయవద్దని నా సలహా. దీని గింజ పెంకు గట్టిది, గీరితే తప్ప నీరు పీల్చదు. మంచు కాలపు చలిలో వారాల తరబడి తడిగా పడుకుని లేచే అలవాటు దానిది. మన చలికాలం దానికి ఎండాకాలమే. 1840లలో బంగాళాదుంపకు తెగులు సోకినప్పుడు లామార్ పికో అనే ఆయన దీనిని ఫ్రాన్స్‌కు తీసుకెళ్లి, పేదవాళ్లకు కొత్త పంటగా నిలబెట్టాలని చూశాడు. అంత శ్రమపడినా అది పంట కాలేదు, ఎందుకంటే నాలుగేళ్లకు ఒక గుడ్డంత దుంపనిచ్చే మొక్కను ఏ రైతూ చేలో నిలపడు. వీటన్నిటికీ తోడు, మన దేశపు 2003 నాటి మొక్కల క్వారంటైన్ ఉత్తర్వు ప్రకారం దిగుమతి అనుమతి, మొక్కల ఆరోగ్య ధ్రువపత్రం లేకుండా విదేశీ విత్తనాలు తేవడం కుదరదు. జేబులో నాలుగు గింజలే కదా అనుకోవద్దు; వయ్యారిభామ మన పొలాల్లోకి ఎట్లా వచ్చిందో, ఇప్పుడు దానిని పెరకడానికి ఎన్ని కూలీలు పోతున్నాయో మనకు తెలియనిది కాదు.

ఎండు జడను తెచ్చుకోవాలని నాకూ ఆశ కలిగింది. పెట్టెలో చీరల నడుమ సర్దాక, ఆ నిబంధనలు చదివి, తీసి అమ్మాయికే ఇచ్చేశాను. వంటింటి కిటికీ పక్కన మేకుకు వేలాడదీసింది. మొన్న వీడియోలో చూపించింది, పైనున్న నాలుగు పెద్దవి తుంచేసి వాడుకున్నారు, కింద ఇంకా పదకొండు ఉన్నాయి.